అడిగినదేమి, వ్రాయవలసినదేమి

(ఒక పఠనమందిర సభయందు చేసిన యుపన్యాస పాఠము)

నేడు మేము మీ యెదుట నుంచదలచిన విషయము చూచుటకు మిక్కిలి చిన్నది. ఒకరు మనలను ఏదో వ్రాసి పంపుమని కోరుదురు. కోరిక తెలుగులోనే యుండును. ఒక్కొక్క మాటయు తెలిసినట్లే యుండును. అయినను ముమ్మారు చదివినను ఏమి వ్రాయవలెనో తోచదు. అది ఎక్కడనో వేఱొక భాషలో పుట్టి, తొందరలో తెలుగు వేషము వేసికొని మన గుమ్మమెక్కిన కోరిక. దరఖాస్తు ఫారములు, కచేరీల నోటీసులు, విద్యార్థులకు వచ్చు ప్రశ్నలు, సభలవారి వ్యాసాహ్వానములు, దూరదేశపు సంస్థలు యంత్రములచేత భాష మార్పించి పంపు విన్నపములు, ఇందు అనేకము లిట్టివే యగుచున్నవి.

ఇట్టి కోరిక చేతికందినప్పుడు మనలో రెండు తెఱగులవారు కనబడుదురు. మొదటివారు “ఇదియు తెలుగేనా?” యని నవ్వి కాగితమును మూలకు విసరుదురు. రెండవవారు ఆవు వ్యాసపు పిల్లవానివంటివారు. వానికి వచ్చినది ఆవును గూర్చిన వ్యాసమొక్కటే. రైలును గూర్చి వ్రాయుమన్నను రైలుకట్ట ప్రక్క పొలమున ఆవును మేపి, తక్కిన పుట అంతయు ఆవునే వర్ణించును. మొదటివాని గర్వమువలనను, రెండవవాని తొందరవలనను చెడునది ఒక్కటే: పని. ఆ పని ముసలియామె పింఛను కావచ్చును. రైతు భూమిహక్కు కావచ్చును. పేద విద్యార్థి యుపకారవేతనము కావచ్చును. కోరికను తప్పుగా గ్రహించి వ్రాసిన జవాబు ఫలమును అడిగినవాడు అనుభవింపడు, వ్రాసినవాడే యనుభవించును. అందుచేతనే యీ చిన్న విషయము సభలో చర్చింపదగినదని మా తలంపు.

మన దేశమున నిట్టి కోరికకు పుట్టిన జవాబులలో మిక్కిలి గొప్పవి కైఫీయత్తులు. వాని కథను కొంచెము వివరముగా చెప్పుదుము.

స్కాట్లండు దేశీయుడగు కాలిన్ మెకంజీ 1783లో కుంపిణీ కొలువునకై చెన్నపట్టణము చేరెను. 1799లో శ్రీరంగపట్టణము పడినపిమ్మట మైసూరు దేశపు సర్వే ఆయన చేతబడెను. 1815లో హిందూదేశమున కంతకును సర్వేయరు జనరలైన యాతడు 1821లో మరణించెను. భూములను కొలుచుటతో ఆయనకు తృప్తి కలుగలేదు. ప్రతి యూరి పూర్వకథయు కావలెననెను. అయితే దేశభాషలు ఆయనకు పట్టుబడలేదు. ఆ లోటును తీర్చినవాడు మన తెలుగువాడు, కావలి వెంకట బొఱ్ఱయ్య. 1796లో మెకంజీ కొలువున చేరి, 1803లోనే, యౌవనమునందే, మరణించెను. పిమ్మట ఆయన తమ్ముడు లక్ష్మయ్య ఆ భారమును మోసెను. వీరి క్రింద ఊరూరును దిరిగి, కాగితములను సేకరించి, కరణములచేత వ్రాయించి తెచ్చిన గుమాస్తాలు పలువురు గలరు.

ఇప్పుడు ఆ కోరిక నడచిన దారిని చూడుడు. దొర మనస్సులో అది ఇంగ్లీషున పుట్టినది. కావలి సోదరుల చేత దేశభాషలలోనికి దిగినది. గుమాస్తా నోట మఱికొంత మారినది. తుదకు గ్రామ కరణము చెవికి చేరినది. దొర కోరినది రాజుల వరుస, సంవత్సరముల లెక్క, వంశముల పుట్టుక. ఆనాటి తెలుగున ఆ కోరికకు సరియైన మాటయే లేదు. చరిత్రము అనిన నడవడి, లేక ఒకరి వృత్తాంతము. నేడు పాఠశాలలలో చెప్పు చరిత్రశాస్త్రమను నర్థము అప్పటి కింకను స్థిరపడలేదు. కరణమునకు ప్రశ్న స్పష్టముగా లేదు. అడుగువాడు సర్కారువాడను సంగతి మాత్రము స్పష్టముగా నున్నది.

కరణమేమి చేసెను? తెలియలేదని త్రోసివేయలేదు. తన వృత్తిలో ఇట్టి యడుగుటకు దగ్గఱగానున్న రూపమును వెదకెను. స్థితిగతులను విన్నవించు పత్రమునకు కచేరీ భాషలో కైఫీయత్తను పేరు గలదు. అరబ్బీనుండి పారసీద్వారా మనకు వచ్చిన మాట. ఊరు కట్టినదెవరు, అడవి నఱకినదెవరు, గుడి వెలసిన విధమేమి, ఏ రాజు ఏ దేవునికి ఏ యీనామిచ్చెను, పొలిమేరలెక్కడ, చెఱువు త్రవ్వించినదెవరు, ఇవి యన్నియు దండకవిలెలను చూచి వ్రాసెను. కవిలెలు అల్లరులలో పోయినచోట, పోయినవని చెప్పి, పెద్దల నోట విన్నదానిని వ్రాసెను. ఈనాములు, మిరాసులు కొత్త దొరతనము క్రింద నిలుచునో నిలువవో తెలియని దినములవి. రాయలసీమ జిల్లాలు 1800లోనే కుంపిణీ వశమయ్యెను. కాబట్టి అడిగినవాడు చరిత్ర యని తలచినచోట వ్రాసినవాడు హక్కునుగూడ తలచెననుట అన్యాయము కాదు.

దొరలు కోరిన రూపమున ఆ జవాబులు లేవు. రాజుల నడుమ దేవతలు వచ్చిరి. సంవత్సరముల నడుమ శతాబ్దములు జాఱిపోయెను. అయినను ఛార్లెస్ ఫిలిప్ బ్రౌను దొర వానిలో తెలుగు భాగములకు ప్రతులు వ్రాయించి నిలిపెను. మన కాలమున కడపలోని బ్రౌను భాషాపరిశోధన కేంద్రమువారు కైఫీయత్తులను సంపుటములుగా ప్రకటించిరి. ఒక యూరి పేరెట్లు వచ్చెనో, ఒక చెఱువెవరిదో తెలిసికొనవలెనన్న పరిశోధకుడు నేడు వాని తలుపే తట్టుచున్నాడు. ప్రశ్న మసకగానున్నను జవాబు నిలిచినది. ఎందుచేత? కరణము మూడు పనులు చేసెను. తానే రూపమున జవాబిచ్చుచున్నాడో పైననే పేరు పెట్టి చెప్పెను. ఎక్కడనుండి తెచ్చెనో చెప్పెను. ఏది పోయినదో దాచలేదు. ఈ మూడును నేటికిని మనకు చాలిన పాఠము.

ఇక నేటి కోరికను చూతము. ఇట్టి యొక విన్నపము మన పఠనమందిరమునకు వచ్చెననుకొనుడు: “మీ గ్రామపు పాత్రను గూర్చి రెండువేల పాత్రలకు మించని కాగితమును సమర్పించబడవలెను. ఎన్నికైన కాగితములు రానున్న సమస్యయందు కనబడును.” మాటలన్నియు నిఘంటువులో గలవు. వాక్యమునకు మాత్రము తలయు తోకయు లేదు. గ్రామమునకు పాత్ర యేమి? రెండువేల పాత్రలు భారతమునకు గూడ ఎక్కువ కాదా? సమస్యలో కాగితము కనబడుటేమి?

నవ్విన పిమ్మట ఆలోచింతము. ఇట్టి వాక్యమునకు తాళపుచెవి ఎప్పుడును ఒక్కచోటనే యుండును: ఒకే మాట రెండర్థములలో వచ్చి, రెండుచోట్లను ఒకే విధముగా తర్జుమా అయిన చోట. ఇంగ్లీషున క్యారెక్టర్ అను మాటకు నాటకములోని పాత్ర, మనుష్యుని శీలము, వస్తువుయొక్క స్వభావము, వ్రాతలోని అక్షరము, ఇన్ని యర్థములు గలవు. అనువదించిన యంత్రము మొదటి యర్థమును పట్టుకొని వదలలేదు. మొదటి పాత్ర స్వభావమని, రెండవ పాత్ర అక్షరమని మార్చిచూడుడు. వాక్యము ప్రాణము పోసికొనును. పేపర్ అనిన కాగితము, వార్తాపత్రిక, విద్వత్సభలో చదువు వ్యాసము. ఇష్యూ అనిన సమస్య, సంతానము, పత్రికా సంచిక. ఇప్పుడు కోరిక ఇట్లు తేలును: మీ గ్రామపు విశేష స్వభావమును గూర్చి రెండువేల అక్షరములకు మించని వ్యాసము పంపుడు, ఎన్నికైనవి వచ్చు సంచికలో ప్రకటింతుము. ఎంత మర్యాదగల కోరిక! దానిని మూలకు విసరియుండిన మన యూరి కథయే మూల పడియుండెడిది.

ఇంతతో పని తీరినదా? తీరలేదు. రెండువేల అక్షరములను ఎవరు లెక్కింతురు? లక్ష్మి అను మాటలో మనకు రెండక్షరములే. యంత్రము లెక్కలో ఏడు. లకారము, కకారము, దాని పొల్లు, షకారము, దాని పొల్లు, మకారము, గుడి, వీనిలో ప్రతిదియు దానికి వేఱు గుర్తే. ఇంగ్లీషువానికి తట్టని యీ చిక్కువలన తెలుగువాని వ్యాసము సగము త్రోవలోనే తెగిపోవచ్చును. కాబట్టి ఇచ్చట ఊహ చాలదు, అడుగవలెను. భాషాంతరమున పోయిన యర్థమును మన బుద్ధితో తిరిగి తెచ్చుకొనవచ్చును. కోరినవాడు ఆలోచింపనే ఆలోచింపని యంశమును మన బుద్ధి తేజాలదు. అడుగవలసినదేదో, ఊహింపవలసినదేదో వేఱుచేసికొనుటయే ఈ విద్యలో సగము.

ఇంగ్లీషునుండి వచ్చినవానినే నిందింప పనిలేదు. సోదర భాషలనుండి వచ్చు కోరికలు మఱింత మోసగించును. ఏలయనగా వానిలోని మాటలు మనవే. హిందీవారు ఉపన్యాసమనిన నవల. మనకది మేమిప్పుడు చేయుచున్న పని. వారి శిక్ష చదువు; మన శిక్ష దండనము. వారి ఆలోచన విమర్శ. మన ఆలోచన తలంపు. వారి సంసారము లోకము. మన సంసారము ఇల్లాలు, పిల్లలు, అప్పులు. వారు చరిత్ర ప్రమాణపత్రము కోరిన నడవడిని గూర్చిన యోగ్యతాపత్రము కోరినట్లే గాని మన వంశచరిత్ర కోరినట్లు కాదు. ఒక గ్రంథముపై “మీ యాలోచన వ్రాయుడు” అను నుత్తరము ఉత్తరదేశమునుండి వచ్చిన, దానికి మూలము హిందీయో కాదో ముందు చూడవలెను. సంస్కృతము మనకందఱకును ఉమ్మడి ధాన్యాగారమే. అయితే ఒక్కొక్క యింట ఒక్కొక్క తీరున వండుకొనుచున్నాము. కోరిక ఏ యింట వండినదో తెలియక రుచి చెప్పరాదు.

ఇక ప్రమాదమును గూర్చి చెప్పవలసియున్నది. వ్యాసము చెడిన ఒక సంచికలో చోటు పోవును. సంతకము చెడిన దేశమే పోవచ్చును. 1889లో ఇథియోపియా చక్రవర్తి మెనెలిక్కునకును ఇటలీ దొరతనమునకును వుచాలే సంధి జరిగెను. ఒకే సంధి, భాషలు రెండు. అమ్హారిక్ పాఠములోని 17వ షరతు ప్రకారము, మెనెలిక్ పరరాజ్యములతో వ్యవహరించునప్పుడు ఇటలీ సహాయమును ఇచ్చమైన పొందవచ్చును. ఇటాలియను పాఠము ప్రకారము ఇటలీద్వారానే వ్యవహరింపవలెను. వచ్చును, వలెను—ఈ రెండు క్రియల నడుమ ఒక స్వతంత్ర రాజ్యము తన ప్రమేయము లేకయే పరాధీనమని ఐరోపాలో చాటబడెను. సంగతి తెలిసిన మెనెలిక్ అభ్యంతరము తెల్పి, 1893లో సంధినే త్రోసిపుచ్చెను. 1896 మార్చి 1వ తేదీన అడువాయొద్ద ఇటలీసేన ఓడిపోయెను. ఆ యేడు అక్టోబరులో జరిగిన అడిస్ అబాబా సంధివలన ఇథియోపియా స్వాతంత్ర్యమును ఇటలీ యొప్పుకొనెను. ఒక క్రియాపదమును సరిదిద్దుటకు ఏడేండ్లును ఒక యుద్ధమును పట్టెను.

మన గ్రామమునకు వచ్చు ఫారములో యుద్ధము లేదు. అయితే వచ్చును, వలెను అను భేదము మాత్రము ప్రతి ఫారములోను గలదు. “జతపఱుపవచ్చును” అని యున్నదా, “జతపఱుపవలెను” అని యున్నదా? “గాని” యున్నదా, “మఱియు” ఉన్నదా? నామవాచకములు చెడిన నవ్వు వచ్చును. క్రియ చెడిన నష్టము వచ్చును. అనువదించిన కాగితమును చదువునప్పుడు ముందు క్రియను, పిమ్మట గడువును, పిమ్మట పరిమితిని చూడుడు. అలంకారములను తుదకు చూడవచ్చును. అనుమానము కలిగిన మూలభాషలోని ప్రతిని చూపుమని అడుగుడు. ఇందు అవమానము లేదు. పార్లమెంటు వేఱుగా శాసించునంతవఱకు శాసనములకును, వాని క్రింది నిబంధనలకును, ఉత్తర్వులకును ప్రమాణపాఠము ఇంగ్లీషున నుండవలెనని మన రాజ్యాంగపు 348వ అధికరణమే చెప్పుచున్నది. తెలుగు ప్రతి తికమకగా నున్నచోట ఆ ప్రమాణపాఠమును దాపున నుంచుకొని చదువుట పౌరుని వివేకము.

అదే రాజ్యాంగపు 350వ అధికరణము మఱియొక సంగతి చెప్పుచున్నది. కష్టనివారణకై అధికారికి విన్నవించుకొను ప్రతి వ్యక్తియు కేంద్రమున గాని రాష్ట్రమున గాని, ఆయాచోట్ల వాడుకలోనున్న యే భాషలోనైనను వ్రాసికొనుటకు హక్కు గలవాడు. 2005 నాటి సమాచార హక్కు చట్టము ఇంకొక యడుగు ముందునకు వేసినది. దరఖాస్తును ఆ ప్రాంతపు అధికారభాషలో పెట్టవచ్చును. వ్రాయలేనివాడు నోట చెప్పిన, దానిని వ్రాతలో పెట్టుటకు తగిన సహాయమంతయు సమాచారాధికారియే చేయవలెను. దీని భావమేమి? అడుగువానికిని వ్రాయువానికిని నడుమ మసక యేర్పడినపుడు దానిని తుడుచు భారము బలవంతునిపై నుండవలెనని. ఈ న్యాయము చట్టములో ఒక మూలనున్నది. మన నిత్యవ్యవహారమునకు అది యింకను రాలేదు.

ఇచ్చట ఒక భేదమును గుర్తింపవలెను. అస్పష్టమైన కోరికలన్నియు ఒక్క తీరువి కావు. పరభాషవాడొకడు కష్టపడి నేర్చిన నాలుగు తెలుగు ముక్కలతో జాబు వ్రాసెననుకొనుడు. వాని తప్పులలో మన భాషపై గౌరవమున్నది. వాని మాటను లాగి సరిచేసి, వాని మనస్సులోని యర్థమును వెదకి జవాబిచ్చుట మన ధర్మము. చదువు తక్కువైన మన యూరివాడు “మా విషయము పత్రికకు వ్రాయుడు” అని వచ్చి, విషయమేమో చెప్పలేక తడబడినను అంతే; ఓపికతో కూర్చుండి వినవలెను. ధనమును సిబ్బందియు గల సంస్థ, తాను పంపిన తెలుగును తెలుగెఱిగిన యొక్కనికైనను చూపక, మనకు పంపి జవాబు కోరిన సంగతి వేఱు. అది అశక్తత కాదు, అలక్ష్యము. అట్టి కాగితమును మర్యాదగా త్రిప్పిపంపి, “మీరు కోరినది ఇదియా, అదియా? తెలిసికొనగోరుచున్నాము” అని వ్రాయుటకు మనము జంకరాదు. తెలియనిదానిని తెలిసినట్లు నటించి, ఏదో యొకటి వ్రాసి యిచ్చుచున్నంతకాలము ఆ సంస్థలకు ఇట్టి తెలుగే చాలునను నమ్మకము బలపడును.

అడుగుటయందును నేర్పుండవలెను. “మీ జాబు అర్థము కాలేదు” అనిన అడిగినవానికి ఏమి చెప్పవలెనో తెలియదు. మరల అదే వాక్యమును పంపును. పదిప్రశ్నలు గ్రుచ్చిన విసిగి ఊరకుండును. మనకు తోచిన యర్థములను రెండింటిని ఎదుట పెట్టి, ఏది నిజమని అడిగిన, భాష చాలనివాడు సైతము ఒకదానిపై వ్రేలుంచగలడు. జవాబు వచ్చుటకు వ్యవధి లేకున్న కరణము చేసినట్లే చేయుడు. “తమ కోరికను మేమిట్లు గ్రహించితిమి, దాని ప్రకారము వ్రాయుచున్నాము” అని జవాబునకు తలకట్టు పెట్టుడు. ఆ యొక్క వాక్యము వ్రాసినవానికి రక్ష, చదివినవానికి దీపము. గ్రహించుట తప్పైనను ఎక్కడ తప్పెనో వెంటనే తెలియును. తెలియనిచోట మాత్రము కల్పించి పూరింపవలదు. అడిగినవాని మసకకు వ్రాసినవాని యబద్ధము తోడైన, ఆ కాగితమును ఇక ఎవరును బాగుచేయలేరు.

కాబట్టి సభాసదులారా, మా మనవి ఇది. ప్రతి పఠనమందిరమునను వారమునకొక సాయంకాలము ఈ పనికై కేటాయింపుడు. అర్థము కాని ఫారమును, నోటీసును, ఆహ్వానమును పట్టుకొని వచ్చినవానికి బల్లయొద్ద చోటిండు. ఇంగ్లీషు తెలిసిన యొక్కడు, హిందీ తెలిసిన యొక్కడు, కచేరీ మర్యాద తెలిసిన పెద్ద యొక్కడు కూర్చున్న చాలును. మూలమును వెదకుడు, క్రియను చూడుడు, రెండర్థములను ఎదుట పెట్టి అడుగుడు, గ్రహించిన విధమును పైన వ్రాసి జవాబిండు. ఏ సంస్థ ఏ తప్పు మాటను మాటిమాటికి పంపుచున్నదో ఒక పుస్తకమున ఎక్కించి, ఏడాది కొకమారు వారికే పంపుడు.

మఱియు మనమే ఇతరులను ఏదైన వ్రాయుమని కోరునప్పుడు, కోరికను ముందు మన యింటి తెలుగులో, ఒక పామరునికి చదివి వినిపించి, “నిన్నేమి యడిగితిని?” అని వానినే తిరిగి అడుగుడు. వాడు చెప్పగలిగిన పిమ్మటనే దానిని తపాలకిండు.